నాయన మూసిన కిటికీ

ధర్మవరం, 1966 జులై, బుధవారం

కేసు పోయింది. మా గోడకు కిటికీ ఉన్నట్టు సాక్ష్యం లేదట. పక్కింటి కిష్టప్ప మామ మేడ ప్లాను చెల్లుతుందట.

వడగాలికి పట్టు పోగులు తెగుతాయని నాయన ఏటా ఎండాకాలంలో మగ్గం పక్క కిటికీని ఇటుకలతో, మట్టితో మూసేవాడు. తొలివాన పడగానే తీసేవాడు. పోయినేడు వాన రాలేదు, నాయన పోయాడు. ప్లాను కోసం వచ్చిన ఓవర్సీరు ఉత్త గోడే అని రాసుకుపోయాడు. నేను కోర్టుకెక్కేలోగా మామ గోడ మా గోడను ఆనుకుని లేచింది. కేసు తేలేదాకా ఏదీ కదిలించొద్దన్నాడు వకీలు.

ఆ కిటికీలోంచే రోజూ నాయన దగ్గర వక్కాకు అందుకున్న మామ, బోనులో నిలబడి, "ఆడ కిటికీ యాడుండాది సామీ?" అన్నాడు.

సాయంత్రం వాన పడింది. చూపు ఆనని అమ్మకు తీర్పు సంగతి ఇంకా చెప్పలేదు. గడ్డపార తెచ్చి నా చేతిలో పెట్టింది.

"వాన పడతాండాది. మీ నాయన ఉంటే ఈపాటికి తీసేటోడు. తీయప్పా."

తీశాను. ఎండిన మట్టి మీద నాయన వేళ్ల అచ్చులు అలాగే ఉన్నాయి. అమ్మ చెయ్యి పెట్టి లోపల మామ గోడను తడిమింది.

"ఇంగొక వరస ఉన్నట్టుండాది. అదీ తీయప్పా."