కన్యక కేసులో జామీను

కళ్యాణదుర్గం,
19 జూన్ 1958.

గుత్తి ఓబుళయ్య బావగారికి నమస్కారాలు.

ఇక్కడ క్షేమం అని రాయబోయి ఆగాను. అక్కయ్యను, పిల్లలను అడిగానని చెప్పండి.

ఏప్రిల్ నెలలో ఆ గురువారం జరిగింది ఉన్నదున్నట్టు రాస్తున్నాను. ఆ రోజు నేను చెప్పబోతే మీరు వినే స్థితిలో లేరు.

తెల్లవారి కన్యకకు ముఖం తుడిచాను. రెండు చెంచాల గంజి తాగింది. క్యాన్సరుకు ఇక చేసేదేమీ లేదని పెద్దాసుపత్రి వాళ్ళు పంపేశాక, నొప్పికి మార్ఫియా సూది ఒక్కటే ఆధారం. అది వేయడానికి కంపౌండరు యేసన్న రోజూ పొద్దున వచ్చేవాడు. నేను బిందె తీసుకొని బావికి పోయాను. అక్కడ వరస చాలా ఉండింది. తిరిగి వచ్చేసరికి యేసన్న వచ్చి వెళ్ళిపోయాడు. సూది వేశాడా అని అడిగితే కన్యక తల ఊపింది.

ఆ రోజంతా ఆమె కేక వేయలేదు. కొంగు నోట్లో పెట్టుకొని, కళ్ళు మూసుకొని పడుకుంది. మందు పనిచేస్తోందని అనుకున్నాను. అనంతపురం బస్సు వచ్చిందా అని మాత్రం మళ్ళీ మళ్ళీ అడిగింది. మధ్యాహ్నం దాటాక అడగడం మానింది. పొద్దు వాలేలోపు ప్రాణం పోయింది.

రేడియేటరులో పోయడానికి దారిలో ఎక్కడా నీళ్ళు దొరకక మీ బస్సు ఆలస్యమైంది. మీరు దిగేసరికి దీపాలు పెట్టారు. అప్పటికే ఆడవాళ్ళు ఆచారం ప్రకారం ఆమెను నేల మీదికి దించి, పడుకున్న బొంతను చుట్టి బయట వేశారు. చాకలి బయమ్మ దాన్ని తీసుకుపోయింది.

కిటికీలో మందు పెట్టె మీ కంటపడింది. నిన్ననే తెచ్చిన పెట్టె అని నేనే చెప్పాను. తెరిచి చూస్తే ఖాళీ. డాక్టరు చీటీ ఏదని అడిగారు. ఇంకా రాలేదన్నాను. మందుల షాపు రామలింగయ్య చీటీ లేకుండా పెట్టెడు విషమిచ్చి నా చెల్లెలిని చంపినాడని మీరు వీధిలోకి వచ్చి అరిచారు. మరునాడు పోలీసులకు కాగితం ఇచ్చారు. వాళ్ళు రామలింగయ్యను పట్టుకుపోయారు.

ఆయనది లైసెన్సు ఉన్న షాపు. మార్ఫియా చీటీ చూశాకే ఇవ్వాలన్నది నిజమే. కానీ మా డాక్టరు వారానికొకసారి వస్తాడు. నొప్పి వారం ఆగదు. రామలింగయ్య ముందు మందిచ్చి, డాక్టరు వచ్చాక చీటీ తీసుకునేవాడు. తాలూకా అంతా అలాగే నడిచింది. ఈసారి చీటీ కంటే ముందు మనిషి పోయింది. పోయిన మనిషికి చీటీ రాయనని డాక్టరు తప్పుకున్నాడు.

మెజిస్ట్రేటు జామీను ఇవ్వలేదు. ఇలాంటి మందులు చేతిలో ఉన్నవాడు బయటికొస్తే సాక్షులను బెదిరిస్తాడని సర్కారు వకీలు అన్నాడు. ఆ సాక్షిని నేనే. నన్నెవరూ బెదిరించలేదని లేచి చెప్పబోతే కూర్చోమన్నారు. వేసవి సెలవులు ముగిశాక సెషన్సు జడ్జి మంజూరు చేశాడు. ఈ తాలూకాలో భూమి ఉన్నవాళ్ళు ఇద్దరు పూచీ ఉండాలన్నాడు. ఉత్తర్వు వచ్చింది, మనిషి మాత్రం జైలులోనే ఉన్నాడు. ఓబుళయ్య మాట కాదని ఎట్ల నిలబడేదని మన సెట్లందరూ వెనక్కి తగ్గారు.

కంబదూరు రైతు పాపన్న ఒక్కడు వచ్చాడు. ఏమప్పా అయ్యవారూ, మీ సెట్లంతా తలుపులేసుకోనుండారే, నేనొక్కణ్ణే రెండుసార్లు వేలిముద్ర వేస్తే జడ్జి ఒప్పుకుంటాడా అని నన్నే ఎగతాళి చేశాడు. రామలింగయ్య భార్య లలితమ్మ కూడా వచ్చింది. గడప దాటలేదు. నిన్ను అడిగే మొగం నాకు లేదన్నా, ఇంకెవర్ని అడగల్లో తెలీక వచ్చినా అన్నది.

నా పేరనా ఇక్కడ కొంత భూమి ఉంది. నేను ఉంటానన్నాను.

రామలింగయ్య వకీలు గుమాస్తా కలం కింద పెట్టేశాడు. సామీ, పోయింది మీ ఇంటామె, లోపలుండేది ఆయమ్మను చంపినాడని, జామీను మీరా, యాడన్నా ఉండాదా ఇది అన్నాడు. చట్టంలో అడ్డముందా అని అడిగాను. అడ్డం లేదు గానీ నేనింతవరకు చూడలేదన్నాడు.

ఈ సంగతి మీరు ఇతరుల నోట వినకూడదు. ఖాళీ పెట్టెకు నా దగ్గర జవాబు లేదు. ఆ రోజు సూదే వేయలేదని యేసన్న అంటున్నాడు. భయంతో అబద్ధమాడుతున్నాడని నేను సగంలోనే లేచి వచ్చేశాను. కానీ మందు ఇచ్చిన ప్రతిసారీ, పొద్దుకు ఒక్కటేనప్పా, ఆమె ఎంత ఏడ్చినా రెండోది వద్దు అని రామలింగయ్య చెప్పడం నేను విన్నాను. అలా చెప్పినవాడు చంపడు. మీరు నాతో మాట్లాడడం మానినా నాకు కోపం లేదు.

ఇట్లు,
కదిరప్ప.

తా.క.: కవరు అంటించబోతుంటే బయమ్మ వచ్చింది. బొంత ఉతికేంత నీళ్ళు ఆమెకు ఏప్రిల్ నుంచి దొరకలేదు. మొన్నటి వానకు వంక పారింది. ఈ రోజు తడపబోతే కుట్టులో గాజు తగిలిందట. అమ్మ వక్కాకు దాచుకునే సందులో ఉండాయి అయ్యవారూ, ఏందో మందు మాదిరుండాది అని నా చేతిలో పెట్టింది. పెట్టెలోని మార్ఫియా బుడ్లు. అన్నీ ఉన్నాయి. సూదికి మందు తీయాలంటే మెడ విరవాలి, ఒక్కదాని మెడా విరగలేదు.

యేసన్న ఇంటికి పోయాను. ఈసారి చివరిదాకా విన్నాను. సూది పడితే నిద్రపోతా, మా అన్న వస్తాండాడు, తెలివిగా ఉండి మాట్లాడల్ల, మా ఆయనకు చెప్పొద్దు, చెప్తే పట్టుకోని వేయిస్తాడు అని కన్యక అతని చేత ఒట్టు వేయించుకుందట. పెట్టె అక్కడే పెట్టి పొమ్మందట. బుడ్లు నాకు దొరక్కుండా ఆమే దాచి ఉంటుంది.

బావా, ఆ రోజు ఆమె ఒంట్లో మందు చుక్క లేదు. కొంగు నోట్లో ఎందుకు పెట్టుకుందో నాకు ఇప్పుడు తెలిసింది. మీతో ఏం చెప్పాలనుకుందో తెలియదు.

రేపు పొద్దున మొదటి బస్సుకు అనంతపురం పోతాను. పాపన్న పక్కన నా సంతకం పెడతాను. ఈ బుడ్లు జడ్జి ముందు పెడతాను. రామలింగయ్య బయటికి వచ్చేదాకా జైలు గేటు దగ్గరే ఉంటాను.