బాపు కుంటి నడక

ఫిబ్రవరి 3, 2009
కథ నాది, కెమెరా నాది, ఎడిటింగ్ నాది, పాట కూడా నేనే పాడాను. ఇన్ని వచ్చినవాడు గోదావరిఖనిలో పెళ్ళి వీడియోలు తీసుకుంటూ... సొంత సినిమా ఒక్కటి పూర్తయితే చాలు.

ఫిబ్రవరి 11
బాపుకు మెడికల్ బోర్డు పిలుపు. నాన్న ఇక బొగ్గుగని దిగలేడని వాళ్ళు రాస్తే ఆ ఉద్యోగం తమ్ముడు శంకర్‌కు వస్తుంది. బాపుకు మోకాలి నొప్పి ఉన్నది కొంచెమే. మిగతాది నటించాలి. నేర్పడానికి ఇంట్లో డైరెక్టర్ ఉండనే ఉన్నాడు.

ఫిబ్రవరి 14
క్వార్టర్ వెనక రిహార్సల్. వెనక్కి తిరిగినప్పుడల్లా కుంటే కాలు మారిపోతోంది. "గట్ల కాదు బాపు, ఎడమ కాలు!" తప్పు చూపిద్దామని కెమెరాలో తీశాను. చూసుకుని పడి పడి నవ్వాడు. "ఏందిరా, గింత మంచిగ చేస్తున్ననా?"
ఇప్పటిదాకా తీసిన షాట్లలో ఇదే గొప్పది. సిగ్గుగా ఉంది.

మార్చి 2
బోర్డు వాయిదా. ఆ షాట్ సినిమాలో పెట్టాను. తీసేశాను. మళ్ళీ పెట్టాను.

మార్చి 8
కాలనీ హాల్లో సినిమా వేశాం. రిహార్సల్ సీన్‌కు ఈలలే ఈలలు. అందరికన్నా గట్టిగా నవ్వింది బాపే. శంకర్ నవ్వలేదు.
"అన్నా, గది ఎందుకు పెట్టినవ్?"
"మనోళ్లే కదరా చూసేది..."

మార్చి 19
చూసినవాళ్ళలో ఎవరో బోర్డుకు చాడీలు మోశారు. డాక్టర్ అడిగాడట — "ఏదీ, సినిమాలో నడిచినట్టు నడువు." బాపు నడిచాడు. తిరిగేటప్పుడు కాలు మారింది. డ్యూటీకి ఫిట్.
ఇంటి దొంగను ఈశ్వరుడైనా పట్టలేడంటారు. తెర మీద వేసి చూపిస్తే ఎవడైనా పడతాడు.

మార్చి 20
శంకర్ నాతో మాట్లాడటం లేదు.

జూలై 6
హైదరాబాద్‌లో నా సినిమాకు లేచి నిలబడి చప్పట్లు కొట్టారు. "ఆ పెద్దాయన్ని ఎక్కడ పట్టారండీ? ఏం నటుడు!" మా నాన్న అని చెప్పలేదు. సంతోషంగానే ఉంది. అదే అసహ్యం.

నవంబర్ 12, 2010
బాపు మోకాలు నిజంగానే పోయింది. వాపు. రెండు మెట్లు ఎక్కితే గోడ పట్టుకుంటున్నాడు. అయినా గని దిగుతున్నాడు.
నిజమైన కుంటు నేను నేర్పినట్టు లేదు. చాలా చిన్నగా ఉంది. నా కంటికే నటనలా కనిపించింది... ఛీ.

డిసెంబర్ 1
మళ్ళీ బోర్డు. "ఇంకో సినిమానా?" అని నవ్వారట. పెద్ద డాక్టర్ రేపు ఇంకోసారి చూస్తాడట, అదే ఆఖరు. ఇది పోతే శంకర్‌కు ఇక దారి లేదు.
సాయంత్రం క్వార్టర్ వెనక, అదే చోట, బాపు నిలబడ్డాడు. శంకర్ గుమ్మంలోంచి చూస్తున్నాడు.
"నా నడక ఎవ్వరు నమ్ముతలేరు కొడుకా. నువ్వే చెప్పు, ఎట్ల నడవాలె?"
ఎండ పక్క నుంచి ఆయన ముఖం మీద పడుతోంది. కెమెరా నా చేతిలోకి ఎప్పుడొచ్చిందో తెలియదు.