ఉద్యోగంలో చేరే పొద్దున

అత్తయ్యా, వంకాయ కూర పొయ్యి పక్కన మూతపెట్టి ఉంచాను. బీపీ మాత్ర మరిచిపోకండి. హారిక బడి నుంచి రాగానే పాలు ఇవ్వండి, టీవీ మాత్రం పెట్టనివ్వకండి.

తయారై వచ్చేసరికి మీరు ఇంట్లో లేకపోతే కోపం వచ్చిందనుకున్నాను. నేను ఉద్యోగం చేస్తానంటే మీ అబ్బాయి ఎప్పుడూ ఒప్పుకోలేదు. ఇప్పుడు ఆయన సర్వీసులో ఉండగానే పోయారని ఆయన ఆఫీసులోనే నాకు ఉద్యోగం ఇచ్చారు. ఏడుస్తూ వెళ్లాల్సినదాన్ని, అద్దం ముందు కుచ్చిళ్లు సర్దుకుంటూ కూనిరాగం తీశాను. అది మీ చెవిన పడే వెళ్లిపోయారని సిగ్గుతో చచ్చిపోయాను.

ఇంతలో రత్నమాంబగారు గోడ మీదుగా కేకేశారు. "మీ అత్తగారు మా పెరట్లో నక్కి కూర్చున్నారమ్మాయ్! నువ్వు బస్సెక్కేదాకా కదలరట. 'మొగుడు పోయినదాన్ని, మొదటిరోజు దానికి ఎదురు రాకూడదు' అంటున్నారు."

నేనూ మొగుడు పోయినదాన్నే కదా అత్తయ్యా! వచ్చి మిమ్మల్ని లాక్కొచ్చేదాన్నే కానీ బస్సు వేళ అయిపోయింది.

వకుళ

కూనిరాగం తీసిన మాట నిజమే. మీకు వినపడకపోయినా చెప్పకుండా ఉండలేకపోయాను, క్షమించండి. రేపు మాత్రం గుమ్మంలో మీరే ఎదురు రావాలి.