తలుపవతల ఓడ్డూర్

సెప్టెంబర్ 11, 1934

రేపు గొర్రెలను దింపుకురావడానికి కొండల్లోకి ప్రయాణం. నేనూ నా నేస్తం ఓడ్డూరూ‌ ఒట్టు పెట్టుకున్నాం. చీకటి పడ్డాక ఎవరి తలుపు దగ్గరా "ఇక్కడ దేవుడుండుగాక" అనేది లేదు. దెయ్యం నోట ఆ మాట రాదట, అందుకని అననివాళ్లకు తలుపు తియ్యరట! ఏ కాలంలో ఉన్నాం? ఓడ్డూర్ నసిగాడు. మూఢనమ్మకాలను ఎండగట్టే కరపత్రం ఒకటి చేతిలో పెట్టి చదివించాను.

సెప్టెంబర్ 13

పెద్ద కొండగట్టు కింద గుడిసెలో మకాం. గట్టును రాక్షసులు కట్టారని మా ముఠా పెద్ద స్తుర్లా కథ మొదలుపెట్టాడు. ఒళ్లు మండింది. ఒకప్పుడు ఇక్కడ కొండంత మందాన ఐస్ ఉండేదనీ, దాని అడుగున భూమిలోంచి నిప్పు ఎగజిమ్మిందనీ, బూడిద నీళ్లలో తడిసి గట్టిపడిందనీ, ఐస్ పోయాక ఈ గోధుమరంగు గోడ మిగిలిందనీ, ఇది సైన్స్ అనీ అరిచాను. స్తుర్లా ఎండుచేప నములుతూ, ఆ నిప్పు చల్లారిందని కూడా నీ కాగితాలే చెప్పాయా అబ్బీ, అన్నాడు. అందరూ నవ్వారు. ఓడ్డూర్ నవ్వలేదు.

సెప్టెంబర్ 14, సాయంత్రం

పొగమంచు. వరసగా విడివిడిగా నడుస్తూ, ఒకరికొకరు కేకేసుకుంటూ గట్టెక్కాం. నా కుడిపక్క ఓడ్డూర్. కాలి కింద రాయి పొడిపొడిగా రాలుతోంది. ఉన్నట్టుండి వాడి కేక ఆగిపోయింది. గట్టు మాత్రం కాసేపు వాడి గొంతుతోనే కేకలేసింది.

వెతికి వెతికి వెనక్కి వచ్చాం. వాడి కుక్క ఒక్కటే మాతో వచ్చింది.

చీకటి పడ్డాక

తలుపు చప్పుడైంది. ఎవరది, అన్నాడు స్తుర్లా. నేనే, తియ్యండి, చలి, అంది ఓడ్డూర్ గొంతు. ఎగిరి లేచాను. స్తుర్లా తలుపుకు వీపు ఆనించి, ఆ మాట అను నాయనా, అని లోపలికి రా, అన్నాడు.

మళ్లీ తలుపు చప్పుడే.

వాడు అనడు, నేనే ఒట్టు పెట్టించాను, తియ్యండి ముసలి మూర్ఖుల్లారా, అని గోల పెట్టాను. ఇద్దరు నన్ను గట్టిగా పట్టుకున్నారు. కుక్క మంచం కిందికి దూరింది. చివరికి నేనే ఏడుస్తూ బతిమాలాను. అనేయరా ఓడ్డూర్, ఒక్కసారి అనేయ్.

నువ్వే వద్దన్నావుగా హ్యాల్తీ, అంది గొంతు.

తర్వాత గాలి.

సెప్టెంబర్ 15

గట్టు మొదట్లో దొరికాడు. గుడిసె కనిపించేంత దగ్గర్లో. నేను చేరేలోపే కంబళి కప్పేశారు. నిన్న పడ్డప్పుడే మెడ విరిగి పోయాడు, రాత్రి వచ్చింది వాడు కాదు, సొంత కుక్కే దగ్గరికి పోలేదు చూశావుగా, ఊరుకో అబ్బీ, అని స్తుర్లా నా తల నిమిరాడు. కంబళి మాత్రం ఎత్తనివ్వలేదు.

సెప్టెంబర్ 19

కరపత్రాలు మళ్లీ చదివాను. ప్రతి మాటా నిజమే. దెయ్యాలు లేవు.

ఉండాలి. ఆ రాత్రి వచ్చింది దెయ్యమే అయ్యుండాలి, వాడు కాకూడదు.