రంపం మీది తొడుగు

జూన్ 14, ఆదివారం

బావగారికి నమస్కారాలు.

అక్కడ మీరు క్షేమమని తలుస్తాను. ఇక్కడ నా కుడిచేతి రెండు వేళ్లు తప్ప అందరం క్షేమం. ఎడమచేత్తో రాస్తున్నాను, అక్షరాలు వంకరపోతే ఏమనుకోకండి.

మొన్న మీ కోతమిల్లుకి వచ్చి, నా వేళ్లు తెగిన రోజు రంపం మీద ఉండాల్సిన ఇనప తొడుగు ఎవరు తీశారని అడిగాను. మీరు తాపీగా టీ తాగుతూ, ఇప్పుడవన్నీ ఎందుకురా, మూడేళ్లు దాటాక కోర్టు కూడా పలకదు అన్నారు. నేను తొడుగు సంగతి అడిగితే మీరు గడువు సంగతి చెప్పారు. నాకు ఒళ్లు మండిపోయింది.

ఆస్పత్రిలో నాకు స్పృహ వచ్చేసరికి మంచం పక్కన మీరే ఉన్నారు. పొట్టి చెక్కలు త్వరగా కోయాలని నువ్వే తొడుగు తీశావురా, పోనీలే అన్నారు. నాకా పొద్దు ఏమీ గుర్తులేదు. మీరు అబద్ధమాడతారని కలలో కూడా అనుకోలేదు. మిషన్ ఆగిపోయినందుకు నేనే మీకు క్షమాపణ చెప్పుకున్నాను. మీరు పెద్దమనసుతో క్షమించారు కూడా!

ప్రతి ఆదివారం పళ్లు పట్టుకొచ్చేవారు. ఇంటి మనిషివి, మన మధ్య లాయర్లూ గీయర్లూ ఎందుకనేవారు. మూడేళ్లు నిండిన మరుసటి వారం నుంచి మీకు తీరికే లేదు. నన్ను చూడ్డానికి వస్తున్నారనుకున్నాను, క్యాలెండర్ చూసుకుంటున్నారన్నమాట.

మా అమ్మాయి బూట్ల లేసు కట్టాలంటే ఒక కొస పళ్లతో పట్టుకోవాలి నేను. దానికి గడువెప్పుడు తీరుతుందో కాస్త చెప్పండి.

నిజం ఎవరు చెప్పారని మిల్లులో అందరినీ నిలదీస్తున్నారట. పాపం, వాళ్లను వదిలేయండి. వాళ్లెవరూ నోరు విప్పలేదు.

ఇట్లు,
మీ బావమరిది

తా.క.: పోయిన వారం మీ ఇంట్లో అక్కకు అటక సర్దిపెడుతుంటే పాత దుప్పటి మూటలో తొడుగు కనిపించింది. చూడగానే గుర్తుపట్టాను. నా ప్రమాదానికి ముందురోజు సాయంత్రం మీరే దాన్ని తెచ్చి, పాత ఇనుమని చెప్పి పైన పెట్టారని, అప్పుడు స్టూలు కదలకుండా పట్టుకున్నది తనేనని చెప్పి అక్క ఏడ్చింది. మోసం చేసి దాచిపెడితే, అది బయటపడిన రోజు నుంచే గడువు లెక్కట. లాయరమ్మ చెప్పింది. శుక్రవారం దావా వేశాను. మొదటి సాక్షి అక్క. ఈ ఉత్తరం మీ బల్ల మీద పెట్టి, బట్టలు సర్దుకుని మా ఇంటికి వచ్చేస్తోంది. మీరు అటక ఎక్కకండి. తొడుగు లాయరమ్మ దగ్గరుంది, స్టూలు పట్టుకోవడానికి అక్క ఉండదు.