నీళ్ల మండపంలో కాపురం

పాకాల,
2023 జూలై 3.

రోడ్డు విస్తరణ ఇంజనీరమ్మ గారికి దొరస్వామి నమస్కారాలు.

నేను కాలేజీలో మొక్కల ల్యాబు అటెండరుగా చేసి రిటైరైనోణ్ణి. నలభై ఏళ్లుగా ఈ చుట్టుపక్కల మొక్కలు కోసి, ఆరబెట్టి, అట్టలమీద అతికిస్తా ఉండాను. ఇప్పటికి వెయ్యిన్ని తొమ్మిదినూర్ల అట్టలైనాయి. చిత్తూరు పాతదారిలో నీళ్ల మండపం ఉండాది గదా, దాని పైకప్పు సందులో ఒక నీలంపూల మొక్క మొలుస్తాది. అట్లాంటిది ఇంక యాడా నాకు కనపడలే. మీవాళ్లు మొన్న మండపానికి ఎర్రగుర్తు ఏసిపోయినారు. కూల్చేస్తారంట. దారినపోయే వాళ్లకు ఆడ నీళ్లు పోసేవాళ్లు. మా నాయన కూడా తాగినాడు. మండపమూ మొక్కా రెండూ మిగిలేట్టు చూడండి.

ఇట్లు మీ దొరస్వామి.

తా.క. మొక్కను చూసేదానికి వస్తే నిచ్చెన తెచ్చుకోండి. మా నిచ్చెనకు నడిమి మూడు మెట్లు లేవు.

*

చిత్తూరు, జూలై 14.

శ్రీ దొరస్వామి గారికి,

మండపంపై మొక్క మొలిచినదని మీరు చేసిన ఫిర్యాదు అందినది. కలుపుమందు కొట్టించుటకు ఆదేశించడమైనది. ప్రజాసమస్యలపై మీ శ్రద్ధ అభినందనీయం.

భవదీయురాలు,
కృపారాణి, సహాయ ఇంజనీరు.

తా.క. కార్యాలయంలో నిచ్చెన లేదు. మీ నిచ్చెననే ఇవ్వగలరు.

*

నీళ్ల మండపం నుంచి, జూలై 19.

ఇంజనీరమ్మ గారికి,

నేను ఫిర్యాదు చేయలేదు తల్లీ, కాపాడమన్నాను. మందుకొట్టే మునస్వామి వచ్చినాడు. నేను మెట్లకు అడ్డంగా కూర్చుంటిని. లేయమన్నాడు, లేయనంటిని. ఆఖరికి ఆయనే నా పక్కన కూర్చుని అన్నం క్యారియరు ఇప్పినాడు. మీరు మాట ఇచ్చేదాకా నేను ఈడనే ఉంటా. మా ఇంటామె లోకేశ్వరి మధ్యాహ్నం సంగటి తెచ్చిస్తా ఉండాది.

దొరస్వామి.

తా.క. మునస్వామి మందుడబ్బా ఈడనే మరిచిపోయినాడు. నాకైతే అది వద్దు.

*

చిత్తూరు, జూలై 26.

శ్రీ దొరస్వామి గారికి,

మీరు మండపంలోనే ఉంటున్నట్టు, భోజనం అక్కడే చేస్తున్నట్టు తెలియజేసినారు. కావున మిమ్మల్ని ఆ కట్టడపు నివాసిగా నమోదు చేయడమైనది. నివాసిని విచారించనిదే కట్టడం కూల్చరాదు. తొంభై రోజుల తర్వాత విచారణ జరుగును. అంతవరకు పనులు నిలిపివేయడమైనది.

కృపారాణి.

తా.క. కుటుంబ సభ్యుల సంఖ్య తెలుపగలరు.

*

పాకాల, ఆగస్టు 2.

అమ్మా,

నాకు పాకాలలో సొంతిల్లు ఉండాది. మీవాళ్లు నన్ను నివాసి అని నోటీసు రాసి మండపం స్తంభానికి అతికించినారు. పలమనేరులో ఉండే మా వియ్యంకుడు ఆ దారిన పోతా అది చదివి, ముసలాయన్ని ఇంట్లోంచి ఎందుకు తరిమేసినారని లోకేశ్వరికి ఫోన్ చేసినాడు. ఆమె రెండు రోజులు నాకు సంగటి పెట్టలే. నేను ఆడ కాపురముండలేదని వచ్చే వారం రాసిచ్చేస్తా.

దొరస్వామి.

తా.క. సభ్యులు అడిగినారు గదా. నేను, మొక్క, ఒక తొండ.

*

చిత్తూరు, ఆగస్టు 5.

శ్రీ దొరస్వామి గారికి,

అట్లు ఏమియు రాసి ఇవ్వరాదు. ఇది ముఖ్యం. విచారణకు మండపం పేరు, తేదీ ఉన్న కాగితాలు ఏవైనా, ఎంత పాతవైనా తీసుకురాగలరు.

కృపారాణి.

తా.క. తొండ హాజరు కానవసరం లేదు.

*

పాకాల, అక్టోబరు 28.

అమ్మా,

విచారణలో మీరు తల వంచుకుని రాసుకుంటా ఉంటిరి. మీ పెద్ద ఇంజనీరే అన్నీ అడిగినాడు. నాదగ్గర ఉండే కాగితాలు మొక్కల అట్టలే గదా, మండపం కాడ కోసినవి అరవైమూడు మోసుకొచ్చినాను. ప్రతి అట్ట కిందా తేదీ, చోటు రాసుండాను. ఆయన నవ్వుకుంటా తిరగేసి, 1986 నాటి అట్ట కాడ ఆగినాడు. ‘ఉత్తరం గోడ, శాసనం పైన’ అని ఉండాది. ఏం శాసనమని అడిగితే, తర్వాత ఎవరో దానిమీద సున్నం పూసేసినారు సార్ అంటిని. గీకించి చూస్తామన్నాడు. నాకు నమ్మకం లేదు. నా కండ్లతో చూసి ముప్పై ఏడేండ్లాయ.

దొరస్వామి.

తా.క. ఒక అట్ట మీ బల్లమీదనే మరిచిపోయినాను. దానిమీద టీ గ్లాసు పెట్టొద్దని చెప్పండి.

*

చిత్తూరు, నవంబరు 20.

దొరస్వామి మామకు కృపారాణి నమస్కారాలు.

సున్నం గీకినారు. పదకొండు వరుసల శాసనం బయటపడినాది. నగరి నేతగాళ్ల ఇంటి ఆడమనిషి ఒకామె, దారిన పోయేవాళ్ల దాహం తీర్చడానికి మండపం కట్టించిందని రాసుండాది. మాదీ నగరే మామా. చదివి వినిపిస్తా ఉంటే మళ్లీ ఒకసారి చదవమన్నాను. మండపాన్ని రక్షిత కట్టడాల్లో చేర్చినారు. రోడ్డును నలభై అడుగులు పక్కకు జరిపినారు. తిరుపతి నుంచి వచ్చిన మొక్కల ప్రొఫెసరు మీ నీలంపూలు చూసి, ఈ జిల్లాలో ఇది ఉన్నట్టు ఇంతవరకు ఎవరూ రాయలేదన్నారు. మీ అట్టలన్నీ చూడాలంట.

ఇంకొక మాట. మీ మొదటి ఉత్తరాన్ని గుమాస్తా ఫిర్యాదుల్లో వేసినాడు, నేను చదవకుండా సంతకం పెట్టినాను. తప్పు నాదే. రెండోది మాత్రం నేనే చదివినాను, రెండుసార్లు. అప్పటికి కూల్చే యంత్రం రావడానికి నాలుగు రోజులే ఉండాయి. మొక్క కోసం, పాత రాళ్ల కోసం పని ఆపే అధికారం నాకు లేదు. మనిషి కాపురముంటే ఉండాది. అందుకే మిమ్మల్ని ఆడ కాపురం పెట్టించినాను. ప్రతి జాబు నకలు పెద్దాయనకు పోతాది, విడమరిచి రాయలేకపోయినాను. లోకేశ్వరి అత్తకు నా తరఫున ఈ సంగతి చెప్పండి.

ఆదివారం మండపంలో మళ్లీ నీళ్ల కుండలు పెడతా ఉండాము. మొదటి చెంబు మీకే.

మీ కృపారాణి.

తా.క. పెద్ద ఇంజనీరు నిన్న నన్ను పిలిచి, మన జాబుల ఫైలు ముందేసుకుని, నీకు తెలుగు చదివితే అర్థం కాదా అని అడిగినారు. కాదు సార్ అన్నాను. ఆయన ఫైలు మూసి, ఎప్పటికీ నేర్చుకోవద్దమ్మా అన్నారు.