దండ వేసిన ఫోటో

ఆదివారం, రాత్రి

మా ఆయన ఏళ్ళ తరబడి చిన్న సినిమాల్లో తాగుబోతుగా, వాచ్‌మన్‌గా వేస్తున్నా పోస్టర్ మీద ముఖం పడడం ఇదే మొదటిసారి. అందుకే హన్మకొండలో సినిమా చూపిస్తున్నారంటే పట్టుచీర కట్టుకుని మరీ వెళ్ళాను.

తెర మీద ఈయన భార్య పోయిన మనిషి. గోడకు ఆ భార్య ఫోటో, దానికి దండ. ఆ ఫోటో నాది! ఆమధ్య ఆల్బంలో ఖాళీ కనబడితే, ఊడి ఎక్కడో పడిందనుకుని బీరువా అంతా దించి వెతికాను. బతికున్న మనిషి ఫోటోకు దండ వేయకూడదని పసిపిల్లలకు కూడా తెలుసు. సినిమాకు వచ్చిన మా మట్టెవాడ ఇరుగుపొరుగు వాళ్ళు వెనక్కి తిరిగి నా ముఖం వైపు చూశారు.

ఆట అయ్యాక డైరెక్టర్ ఎదురొచ్చాడు. "ఆంటీ, సార్ గ్లిసరిన్ లేకుంటనే ఏడ్చిండు. ఒక్కటే టేక్!"

నాకు ఆపరేషన్ అయిన రోజు షూటింగ్ ఉందని దవాఖానకు రాని మనిషి ఈయన.

ఆటోలో అడిగాను. "నా ఫోటో ఎందుకిచ్చినవ్?"

"వేరేటోళ్ళ ఫోటో పెడితే ఏడుపు రాలె. నీది పెట్టంగనే వచ్చింది. గింతదానికి ఫికర్ ఎందుకే?"

"అయితే సచ్చినదాన్ని అన్నం పెట్టుమని అడుగకు."

పగలబడి నవ్వాడు. "మస్తుంది డైలాగ్! డైరెక్టర్‌కు చెప్పాలె."

ఇంటికొచ్చి నా ఒక్కదానికే వండుకుని తిన్నాను. ఇప్పుడు వంటింట్లో ఒక్కో గిన్నె మూత తీసి చూస్తున్నాడు.